పైకప్పు అడగని ఆట

తెలుగు నేల నుంచి ప్రపంచ స్థాయికి ఎదిగిన షటిల్ ఆటగాళ్ల ఊళ్లను వరసగా రాసుకుంటూ పోతే ఒక సంగతి తేటతెల్లమవుతుంది. పుల్లెల గోపీచంద్ పుట్టింది ప్రకాశం జిల్లా నాగండ్లలో. చేతన్ ఆనంద్‌ది విజయవాడ. కిదాంబి శ్రీకాంత్ రావులపాలెంలో, రంకిరెడ్డి సాత్విక్‌సాయిరాజ్ అమలాపురంలో పుట్టారు. పూసర్ల వెంకట సింధు హైదరాబాద్ అమ్మాయి. కోస్తా కనిపిస్తుంది, రాజధాని కనిపిస్తుంది, రాయలసీమ పేరు మాత్రం వెతుక్కోవాలి. కడప జిల్లాలో జనం, వ్యాపారం, బడులు దండిగా ఉన్న ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ఆ వరసలో ఎక్కడా తగలవు. దీనికి చెప్పే కారణాలు అందరికీ తెలిసినవే. కరువు సీమ, డబ్బు లేదు అంటారు. ఫ్యాక్షన్ వల్ల ఆటలు సాగలేదంటారు. కొందరైతే ఆ నేలలో ఆ ఆటకు కావలసిన చురుకు లేదని కూడా అనేస్తారు. ఈ మూడింటిలో ఏదీ నిలవదని నా వాదన. ఈ ఊళ్లకు అప్పటికే ఇంకో బ్యాడ్మింటన్ ఉంది. ఆరుబయట, గాలిలో, బడి మైదానంలో ఆడుకోగలిగిన ఆట అది. ఆ ఆటతో తృప్తిపడ్డ ఊళ్లు పైకప్పున్న కోర్టు కావాలని అడగలేదు. దేశం పతకాలన్నీ పైకప్పు కింది ఆటకే కట్టబెట్టడం మొదలుపెట్టాక, ఆ తృప్తి వెలిగా మారింది.

ఆ రెండో ఆట పేరు బాల్ బ్యాడ్మింటన్. దక్షిణాదిన నలభై దాటిన వాళ్లకు పరిచయం అక్కరలేదు; చిన్నవాళ్ల కోసం నాలుగు మాటలు. కోర్టు పొడవు 24 మీటర్లు, వెడల్పు 12 మీటర్లు. ఒక్కో వైపు ఐదుగురు. మధ్యలో మనిషి ఎత్తు వల. కాక్ స్థానంలో పసుపుపచ్చ ఉన్ని బంతి, బరువు 27 నుంచి 30 గ్రాములు. షటిల్ కాక్ బరువు 5 గ్రాములకు అటూ ఇటూ, నిబంధనల ప్రకారం 4.74 నుంచి 5.50 గ్రాముల మధ్య. ఉన్ని బంతి దానికి ఐదారు రెట్లు బరువన్నమాట. ఈ ఒక్క తేడాలోనే సగం చరిత్ర ఉంది. పదహారు ఈకల కాక్ చిన్న గాలికే దారి తప్పుతుంది. ఉన్ని బంతి గాలిని చీల్చుకుని పోతుంది, గాలి మరీ ఎక్కువైతే ఆటగాడు ఆ మేరకు కొలత మార్చుకుంటాడు. పందొమ్మిదో శతాబ్దం నడుమ తంజావూరులో ఈ ఆట మొదలైందని చెబుతారు. అక్కడి రాజకుటుంబం ఆడిందన్నది వాడుకలో ఉన్న కథనం. మన దేశంలోని ఆంగ్లేయులు మొదట్లో ఈకల కాక్‌నూ ఉన్ని బంతినీ ఒకే ఆటకు రెండు సాధనాలుగా వాడేవారనీ, గాలి రోజుల్లో, తడి రోజుల్లో ఉన్ని బంతినే తీసుకునేవారనీ బ్యాడ్మింటన్ చరిత్రల్లో కనిపిస్తుంది. 1873లో పుణె నియమాలు వచ్చాయి. ఆట ఇంగ్లండ్ చేరి అక్కడి చలికి హాళ్లలోకి వెళ్లింది. 1899లో ఆల్ ఇంగ్లండ్ పోటీలు మొదలయ్యాయి, 1934లో అంతర్జాతీయ సమాఖ్య ఏర్పడింది. హాల్లోకి వెళ్లిన రూపమే ప్రపంచానికి బ్యాడ్మింటన్ అయింది. ఆరుబయట మిగిలిన రూపం దక్షిణ భారతానిదిగా ఉండిపోయింది.

ఇక ఆ మూడు ఊళ్ల గాలి సంగతి. ఆషాఢంలో పడమటి గాలి ఎలా వీస్తుందో సీమ వాళ్లకు చెప్పాల్సిన పని లేదు. వేసవిలో ఈదురుగాలి లేస్తే పులివెందుల చుట్టుపక్కల గెలలతో ఉన్న అరటి తోటలు నిలువునా పడిపోతాయి. దాదాపు ఏటా పత్రికల్లో చదివే వార్తే. గాలి లేని రోజున ఎండ. నలభై డిగ్రీలు దాటిన పొడి వేడిలో ఈకల కాక్‌కు రెండు చిక్కులు. వేడి గాలి పలుచగా ఉంటుంది కాబట్టి కాక్ అవసరానికి మించి వేగంగా పోతుంది. అందుకే వేడి ప్రాంతాలకు నెమ్మది రకం కాక్‌లు వేరుగా తయారు చేస్తారు. రెండోది, తేమ లేక ఈకలు పెళుసుబారి విరుగుతాయి. పొడి ప్రాంతాల ఆటగాళ్లు కాక్‌లకు ఆవిరి పట్టించి వాడుకునేది అందుకే. పోటీ స్థాయి ఆటలో ఒక్క మ్యాచ్‌కే కాక్‌లు ఎన్నో అరిగిపోతాయి. ఉన్ని బంతికి ఈ బాధలేవీ లేవు. నూలు లేచిపోయేదాకా కొట్టవచ్చు, ఒక బంతితో పదిమంది పొద్దుగూకేదాకా ఆడవచ్చు. ఒక హైస్కూలుకు ఏటా వచ్చే ఆటల సామాను డబ్బులో ఈ లెక్క చాలా పెద్దది.

ఆట ఇక్కడికి చేరిన దారి కూడా గమనించాలి. 1800లో నిజాం దత్తం చేసిన సీమ 1953 దాకా మద్రాసు పాలనలో ఉంది. బడుల్లో ఏ ఆట ఆడించాలో, పోటీలు ఎలా పెట్టాలో మద్రాసు విద్యాశాఖే నిర్ణయించేది. 1920లో హారీ క్రో బక్ మద్రాసులో వై.ఎం.సి.ఎ. వ్యాయామ విద్యా కళాశాల స్థాపించాడు. అక్కడ తయారైన వాళ్లే తెలుగు జిల్లాల బడుల్లో డ్రిల్లు మాస్టార్లుగా కుదురుకున్నారు. విద్యాశాఖ డైరెక్టర్‌గా పనిచేసిన హెచ్.బి. గ్రిగ్ పేరిట నడిచిన అంతర్ పాఠశాలల పోటీలను మన బడుల్లో తరాల తరబడి ‘గ్రిగ్గు’ అనే పిలిచారు. కబడ్డీ, ఖోఖో, వాలీబాల్ సరసన బాల్ బ్యాడ్మింటన్ కూడా ఆ పోటీల ఆట. ఈ ఏర్పాటుకు ఒక స్వభావం ఉంది. జోను, డివిజను, జిల్లా అంటూ మెట్లు మెట్లుగా సాగే పోటీకి ప్రతి మెట్టులోనూ కావలసింది ఖాళీ స్థలం, రెండు గుంజలు, ఒక వల. హాలు ఉన్న ఊరు, లేని ఊరు అనే తేడా రాదు. జమ్మలమడుగు బడి, కడప బడి, మద్రాసు బడి ఒకే రకం నేల మీద ఆడతాయి. ఒక ఆట మారుమూలకు చేరడానికి ఇంతకన్నా సమానమైన పద్ధతిని నేనైతే ఊహించలేను.

నేల గురించి చెప్పకుండా ముందుకు పోలేను. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు ప్రాంతం ఎక్కువగా నల్లరేగడి. వాన పడితే అంటుకుంటుంది, ఎండితే బీటలు వారుతుంది. అలాంటి నేల మీద కోర్టు వేయాలంటే పైన గరుసు పరచాలి, నీళ్లు చల్లాలి, రోలరు లాగాలి, సున్నంతో గీతలు గీయాలి. ఈ పనంతా పిల్లలూ మాస్టారూ కలిసి చేసుకోగలిగిందే. కాంట్రాక్టరు అక్కరలేదు, మంజూరు పత్రం అక్కరలేదు. ఆటగాళ్లలో ముందు నిలిచేవాళ్లు, నడుమ ఆడేవాడు, వెనక కాసేవాళ్లు అని పని పంచుకుంటారు. పదిమందికి చోటుంది కాబట్టి బడిలో సగటు ఆటగాడికి కూడా జట్టులో స్థానం దొరుకుతుంది. షటిల్ సింగిల్స్‌లో అదే నేల ఇద్దరిదే. ఊరుమ్మడిగా ఆడే అలవాటున్న చోట ఐదుగురి ఆట ముందుగా వేళ్లూనడం సహజం.

ఈ ఆటకూ చాంపియన్లున్నారు, వాళ్ల జీవితాలూ షటిల్ చాంపియన్ల జీవితాలకు ఏమాత్రం తీసిపోవు. కృష్ణా జిల్లా కృత్తివెన్నులో 1918లో పుట్టి వరంగల్‌లో స్థిరపడ్డ జమ్మలమడక పిచ్చయ్య గారిని తీసుకోండి. అర్జున అవార్డును కేంద్ర ప్రభుత్వం 1961లో నెలకొల్పింది. బాల్ బ్యాడ్మింటన్‌కు ఆ అవార్డు తొలిసారి 1970లో వచ్చింది, వచ్చింది పిచ్చయ్య గారికే. షటిల్‌లో ఆ గౌరవం పొందిన తెలుగువాళ్ల పేర్లు ఈనాడు చిన్నపిల్లలు కూడా చెబుతారు. గోపీచంద్‌కు 1999లో ఇచ్చారు. దానికి ఇరవై తొమ్మిదేళ్ల ముందే ఒక తెలుగువాడు బ్యాటూ బంతీ పట్టి అదే అవార్డు అందుకున్నాడన్న సంగతి పాఠ్యపుస్తకాల్లో ఎక్కాల్సిన విషయం. ఆయన నూరేళ్లు దాటి జీవించి 2021 డిసెంబరులో వరంగల్‌లో కన్నుమూశారు. 1970 నుంచి 1984 మధ్య బాల్ బ్యాడ్మింటన్‌లో ఆరుగురికి అర్జున దక్కింది. ఆ తర్వాత ఆ జాబితాలో ఈ ఆట కనిపించదు. ఆడేవాళ్లు 1984లో ఒక్కసారిగా మాయమైపోలేదు. 1954లో ఏర్పడ్డ సమాఖ్య పనిచేస్తూనే ఉంది, 1956లో హైదరాబాద్‌లో మొదలైన జాతీయ పోటీలు సాగుతూనే వచ్చాయి. మారింది దేశం చూపు. ఆసియా క్రీడల్లో, ఒలింపిక్స్‌లో ఉన్న ఆటే ఆట, మిగతావి కాలక్షేపం అనే కొలబద్ద స్థిరపడింది.

అదే సమయంలో షటిల్ ఎదుగుదల చూడండి. 1980లో ప్రకాశ్ పదుకొణె ఆల్ ఇంగ్లండ్ గెలిచాడు. 1992లో బార్సెలోనా ఒలింపిక్స్‌లో బ్యాడ్మింటన్ పతకాల ఆటగా చేరింది. తెలుగునాట దాని ఫలితం గోపీచంద్ జీవితంలో చూడవచ్చు. హైదరాబాద్‌లో ఎస్.ఎం. ఆరిఫ్ దగ్గర నేర్చుకున్నాడు, పై శిక్షణకు బెంగళూరులో ప్రకాశ్ అకాడమీకి వెళ్లాడు. 1994లో మోకాలికి పెద్ద దెబ్బ తగిలింది. కోలుకుని 1996 నుంచి 2000 దాకా వరసగా ఐదేళ్లు జాతీయ సింగిల్స్ గెలిచాడు. 2001 మార్చిలో బర్మింగ్‌హామ్‌లో సెమీఫైనల్లో పీటర్ గేడ్‌ను, ఫైనల్లో చెన్ హాంగ్‌ను 15-12, 15-6తో ఓడించి ఆల్ ఇంగ్లండ్ తెచ్చాడు. ఈ కథను పట్టుదల కథగా చెప్పుకుంటాం, చెప్పుకోవాలి కూడా. అయితే ఒక చరిత్ర విద్యార్థి అందులో మరోదాన్ని కూడా చదవాలి. ఆ మజిలీలన్నీ పైకప్పున్న కోర్టులే, వాటి పక్కన ఒక గురువే. 2003లో ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం గచ్చిబౌలిలో ఐదెకరాలు ఇచ్చింది. నిమ్మగడ్డ ప్రసాద్ ఐదు కోట్ల విరాళం ఇచ్చారు, గోపీచంద్ తన ఇల్లు తాకట్టు పెట్టాడు. 2008లో అకాడమీ నిలబడింది. అక్కడి నుంచే 2012 లండన్‌లో సైనా నెహ్వాల్ కాంస్యం, 2016 రియోలో సింధు రజతం, 2017లో శ్రీకాంత్ ఒకే ఏడాది గెలిచిన నాలుగు సూపర్ సిరీస్ టైటిళ్లు. 2022 మేలో బ్యాంకాక్‌లో ఇండోనేషియాను 3-0తో ఓడించి థామస్ కప్ తెచ్చిన జట్టులో శ్రీకాంత్, సాత్విక్ ఇద్దరూ ఉన్నారు.

ఇక్కడ మొదటి అభ్యంతరం వస్తుంది. కోస్తాలో గాలి లేదా? సముద్రం పక్కనే ఉన్న అమలాపురంలో సాత్విక్ ఎలా పుట్టాడు? మంచి ప్రశ్న. సాత్విక్ తండ్రి వ్యాయామోపాధ్యాయుడు, షటిల్ ఆడినవాడు. ఆట ఇంట్లోనే ఉంది. అయినా ఆ కుర్రాడు 2014లో హైదరాబాద్ అకాడమీకి చేరాకే ఇవాళ్టి సాత్విక్ అయ్యాడు. శ్రీకాంత్ కూడా అన్న నందగోపాల్ బాటలో నడిచి గచ్చిబౌలి చేరాకే శ్రీకాంత్ అయ్యాడు. కోస్తా ఊళ్లు వాళ్లను పుట్టించి పంపించాయి, తయారుచేసింది ఒకే ఒక్క ఊరు. సింధు నగరంలోనే ఉండి కూడా రోజూ ఈ చివర నుంచి ఆ చివరకు తెల్లవారుజామున ప్రయాణం చేయాల్సి వచ్చింది. నగరం లోపలి దూరమే అంత బరువైతే, పులివెందుల నుంచి సుమారు నాలుగు వందల కిలోమీటర్లు ఎంత బరువో చెప్పనక్కరలేదు. పైగా సీమ ప్రయాణాల దిక్కు వేరు. మద్రాసు-బొంబాయి రైలు మార్గం ఎర్రగుంట్ల, ముద్దనూరు మీదుగా పోతుంది. ప్రొద్దుటూరుకూ జమ్మలమడుగుకూ రైలు ఎర్రగుంట్ల-నంద్యాల మార్గంతో వచ్చింది, ఆ మార్గం 2016లో గానీ పూర్తిగా తెరుచుకోలేదు. చదువుకు, వైద్యానికి, వ్యాపారానికి ఇక్కడి వాళ్లు తరాలుగా మద్రాసు వైపు, బెంగళూరు వైపు చూశారు. మద్రాసు నుంచి వాళ్లకు వచ్చిన బ్యాడ్మింటన్ ఉన్ని బంతిది.

రెండో అభ్యంతరం డబ్బు. దీన్ని ప్రొద్దుటూరే కొట్టిపారేస్తుంది. బంగారం వ్యాపారంలో రెండో ముంబై అనిపించుకున్న ఊరది. అక్కడి దసరా ఉత్సవాలకు ఖర్చు చేసే చేయి పెద్దది. ఆటలకు కూడా సీమ డబ్బు పెట్టింది. ఉగాదికి, తిరునాళ్లకు జరిగే బండలాగుడు పోటీలకు పక్క జిల్లాల నుంచి ఎద్దులు వస్తాయి, వేలాది జనం కూడతారు, భారీ బహుమతులుంటాయి. అంటే పోషకులున్నారు, పోటీ మీద మోజుంది, గెలిచినవాళ్లను నెత్తిన పెట్టుకునే అలవాటుంది. ఆ పోషణ అంతా ఊరంతా నిలబడి చూడగలిగే ఆరుబయటి ఆటల వైపు ప్రవహించింది. నాలుగు గోడల మధ్య ఇద్దరు ఆడుకునే ఆటకు డబ్బు పెట్టాలని ఎవరికీ తోచలేదంటే అందులో ఆశ్చర్యం ఏముంది? ఫ్యాక్షన్ కారణం కూడా ఇక్కడే వీగిపోతుంది. పగలున్న పల్లెల ఎద్దులు కూడా ఒకే బరిలో బండ లాగాయి. భయం పోటీల్ని ఆపలేకపోయింది. హాలు కట్టించాలన్న ఆలోచనే పుట్టలేదు, ఎందుకంటే హాలు లేకుండానే బ్యాడ్మింటన్ సాగుతోంది.

ఇది ఊరికే చెప్పే మాట కాదనడానికి ఇండోనేషియా ఉదాహరణ ఉంది. జావాలోని కుడుస్ పట్టణం సిగరెట్ల ఊరు. 1969లో జారుమ్ కంపెనీ కార్మికులు పగలు సిగరెట్లు చుట్టిన హాల్లోనే సాయంత్రం బల్లలు జరిపి షటిల్ ఆడటం మొదలుపెట్టారు. ఆ సరదా నుంచి పుట్టిన క్లబ్బు ఆల్ ఇంగ్లండ్ విజేత లియెమ్ స్వీ కింగ్‌ను ఇచ్చింది, ఆ తర్వాత ఎందరినో ఇచ్చింది. ప్రొద్దుటూరు కూడా పత్తి ఊరే. అక్కడా ఎత్తైన కప్పులతో మిల్లు షెడ్లు, గోదాములు ఉన్నాయి. పైకప్పు దొరకకపోవడం అసలు అడ్డంకి కాదని దీనితో తేలుతుంది. కుడుస్ కార్మికులకు ఉన్ని బంతి తెలియదు, గాలి లేని చోటు వెతుక్కోక తప్పలేదు. ప్రొద్దుటూరు కుర్రాడికి ఆ అవసరం రాలేదు, బడి వెనక గరుసు కోర్టు సిద్ధంగా ఉంది. ఒక మంచి ఆట ఉండడమే మరో ఆట రాకకు అడ్డు నిలిచిందన్న నా మాటకు దీనికన్నా గట్టి సాక్ష్యం నాకు దొరకలేదు.

ఆఫ్రికాలో ఇదే కథ మరో రూపంలో సాగింది. అక్కడ బ్యాడ్మింటన్ కాన్ఫెడరేషన్ 1977లో ఏర్పడింది. ఖండం చాంపియన్లు వచ్చారు, ఒలింపిక్స్ ఆడారు. 2024 పారిస్ దాకా ఒక్క ఆఫ్రికా దేశమూ బ్యాడ్మింటన్‌లో ఒలింపిక్ పతకం గెలవలేదు. ఉగాండా ఆటగాడు ఎడ్విన్ ఎకిరింగ్ 2008 బీజింగ్‌లో ఆడాడు. అంత దూరం రావడానికి అతను స్వదేశం వదిలి యూరప్‌లో ఉండి సాధన చేయాల్సి వచ్చింది. 2013 జనవరిలో నెదర్లాండ్స్‌లో రోడ్డు ప్రమాదంలో చనిపోయాడు. ఈజిప్టు అమ్మాయి హాదియా హోస్నీ 2008, 2012, టోక్యో ఒలింపిక్స్ మూడింటిలోనూ ఆడింది, తన దేశ పార్లమెంటు సభ్యురాలు కూడా అయింది. నైజీరియాకు చెందిన ఒపెయోరి ఆఫ్రికా సింగిల్స్ టైటిల్‌ను పదేపదే గెలిచాడు. వీళ్లలో పట్టుదల తక్కువని ఎవరనగలరు? ఖండంలో గెలిచి ప్రపంచంలో తొలి రౌండ్లలో ఆగిపోయే ఈ ఆటగాళ్ల చరిత్ర, రాష్ట్ర స్థాయిలో గెలిచి అక్కడే ఆగిపోయే సీమ పిల్లల చరిత్రకు దగ్గరి చుట్టం. రోజూ తనకన్నా మెరుగైన ఎదుటివాడితో, గాలి చొరబడని కోర్టులో, ఒక గురువు కళ్లెదుట ఆడే వీలు ఎక్కడుంటే అక్కడికి వలస పోవాలి. ఆ వలస ఖర్చు భరించగలిగిన వాళ్ల పేర్లే రికార్డుల్లో ఉంటాయి. సాత్విక్, చిరాగ్ శెట్టి జోడీ 2016లో తమ తొలి టైటిళ్లలో ఒకదాన్ని మారిషస్‌లో గెలుచుకుంది. మనకు అది మెట్టు. ఆ దీవి ఆటగాళ్లకు సొంతగడ్డ మీద దొరికే పెద్ద పోటీల్లో అదొకటి.

మూడో అభ్యంతరం కాస్త సూటిది: సీమ పిల్లల్లో నిజంగా అంత సత్తా ఉంటే ఏదో ఒక ఆటలో బయటపడాలి కదా? బయటపడింది. కడప జిల్లా వీరపునాయునిపల్లె మండలం అమ్మాయి నల్లపురెడ్డి శ్రీచరణి 2025 నవంబరు 2న నవీ ముంబైలో దక్షిణాఫ్రికాను ఓడించి ప్రపంచ కప్ గెలిచిన భారత మహిళా క్రికెట్ జట్టులో ఉంది. ఎడమచేతి స్పిన్‌తో ఆ కప్‌లో మన జట్టు తరఫున అత్యధిక వికెట్లు తీసిన వాళ్లలో ఆమె ఒకరు. వీరపునాయునిపల్లె నుంచి ఒకవైపు పోతే ఎర్రగుంట్ల, ప్రొద్దుటూరు. మరోవైపు పోతే పులివెందుల. ఇదే గాలి, ఇదే ఎండ, ఇవే బడులు. క్రికెట్ పైకప్పు అడగదు. అంతే తేడా అనను. క్రికెట్‌కు జిల్లా సంఘాల నుంచి పైదాకా మెట్లున్నాయి, డబ్బుంది, టీవీ ఉంది. అయితే ఆ మెట్లలో మొదటిది ఆరుబయట ఉంది కాబట్టే ఒక పల్లె పిల్ల దాని మీద కాలు పెట్టగలిగింది. బాల్ బ్యాడ్మింటన్‌లోనూ మొదటి మెట్టు అలాగే అందుబాటులో ఉంది. పై మెట్లను దేశం తీసేసింది.

చివరిగా మిగిలే అభ్యంతరం ఇది: గాలిలో ఆడే ఆట ఎన్నటికీ అంతర్జాతీయం కాలేదు, దక్షిణాది దాటని ఆటకు ప్రభుత్వం ఎందుకు తలొగ్గాలి? చాలామంది క్రీడాధికారుల మనసులో ఉన్న మాట ఇదే. దీనికి జవాబు ప్రపంచ బ్యాడ్మింటన్ సమాఖ్యే ఇచ్చింది. 2019 మేలో చైనాలోని గ్వాంగ్‌ఝౌలో ఆ సమాఖ్య ఎయిర్ బ్యాడ్మింటన్ అనే కొత్త ఆటను ఆవిష్కరించింది. పార్కులో, ఇసుకలో, గడ్డి మీద, సిమెంటు మీద ఎక్కడైనా ఆడేందుకు, గాలికి తట్టుకునే కాక్‌ను ఏళ్ల తరబడి పరిశోధించి తయారు చేయించింది. ప్రపంచంలో ఎక్కువమంది బ్యాడ్మింటన్‌ను తొలిసారి ఆడేది ఆరుబయటేననీ, హాలు లేదన్న కారణంతో వాళ్లను వదులుకోకూడదనీ సమాఖ్య చెప్పిన కారణం. కోర్టు పొడవు 16 మీటర్లకు పెంచారు. సింగిల్స్, డబుల్స్‌తో పాటు ఒక్కో వైపు ముగ్గురు ఆడే పద్ధతి పెట్టారు. పెద్ద కోర్టు, ఎక్కువమంది ఆటగాళ్లు, గాలికి లొంగని సాధనం: తంజావూరు ఉన్ని బంతి నూటయాభై ఏళ్ల కిందటే చేరుకున్న చోటు ఇదే. గరుసు నేలను చదును చేసి గీతలు గీయడం, గాలి దిక్కును బట్టి వైపు ఎంచుకోవడం, ఎదురుగాలిలో సర్వీసు ఎంత బలంగా వేయాలో పిల్లలకు నేర్పడం, ఇవన్నీ తెలిసిన వ్యాయామోపాధ్యాయులు ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల బడుల్లో తరాలుగా పనిచేశారు. ఆరుబయటి బ్యాడ్మింటన్‌కు శిక్షకులు కావాలనుకుంటే రాష్ట్ర క్రీడాశాఖ వెతకాల్సిన మొదటి చిరునామా వాళ్లది. స్కూల్ గేమ్స్‌లో బాల్ బ్యాడ్మింటన్ ఇంకా ఆడిస్తున్నారు కాబట్టి ఆ పని ఈ ఏడాదే మొదలుపెట్టవచ్చు.